చూసి కూడా గుర్తుపట్టని ముఖం: క్లారా కలమాయ్ నటజీవితం

రాత్రి బాగా పొద్దుపోయింది. పూటకూళ్ల ఇంట్లో తిని తాగినవాళ్లంతా వెళ్లిపోయారు. వంటింటి బల్ల నిండా అంట్లు, ఖాళీ సీసాలు. ఆ ఇంటి ఇల్లాలు కాళ్లీడ్చుకుంటూ లోపలికొస్తుంది. తనకోసం ఇంత వడ్డించుకుని, అంట్ల మధ్యే కాస్త చోటు చేసుకుని కూర్చుంటుంది. పత్రిక ఎదురుగా పెట్టుకుని నాలుగు చెంచాలు తింటుందో లేదో, కూర్చున్నది కూర్చున్నట్టే కునుకులోకి జారిపోతుంది. కెమెరా ఆమెను లేపదు, తొందరపెట్టదు.

లుకీనో విస్కోంతి మొదటి సినిమా 'ఒస్సెస్సియోనే'లోది ఈ దృశ్యం. ఆ పేరుకు వదలని మోహం అని అర్థం చెప్పుకోవచ్చు. అక్కడ నిద్రపోతున్న ఆవిడ పాత్ర పేరు జొవాన్నా, నటి పేరు క్లారా కలమాయ్. కథలో అప్పటికి ఆమె కోరుకున్నవన్నీ జరిగిపోయాయి. ముసలి మొగుడు చచ్చాడు. ప్రియుడు ఇంట్లోనే ఉన్నాడు. బేరం మునుపెన్నడూ లేనంత బాగా సాగుతోంది. ఇంత జరిగాక ఆమెకు దక్కింది అంట్ల మధ్య ఒంటరి భోజనం. ఈ సంగతి సినిమాలో ఎవరూ మాటల్లో చెప్పరు. వంగిన ఆ వెన్ను, వాలిన ఆ తల చెబుతాయి.

తొమ్మిదేళ్ల తర్వాత, 1952లో, వితోరియో దె సీకా 'ఉంబెర్తో డి'లో పనిపిల్ల పొద్దున్నే లేచి కాఫీ గింజలు విసిరే దృశ్యం వచ్చింది. ఏ సంఘటనా లేని జీవితాన్ని తెర మీద చూపడం ఎలాగో నేర్పిన పాఠంగా దాన్ని ప్రపంచమంతా మెచ్చుకుంది. సినిమా చదువుకున్న ప్రతివాళ్లకూ తెలుసు ఆ దృశ్యం. దానికి అక్కలాంటి ఈ వంటింటి దృశ్యం తెలిసినవాళ్లు తక్కువ. అందులోని నటి పేరు తెలిసినవాళ్లు ఇంకా తక్కువ. ఇటాలియన్ నటీమణులు అనగానే మనకు సోఫియా లారెన్, జీనా లొలోబ్రిజిదా, కాస్త లోతుగా చూసినవాళ్లకు ఆన్నా మాన్యానీ గుర్తొస్తారు. కలమాయ్ పేరు ఆ వరుసలోకి ఎందుకు రాలేదన్నది నన్ను చాలాకాలంగా వేధిస్తున్న ప్రశ్న. ఆమె నలభై సినిమాలకు అటూ ఇటూగా చేసింది. మూడు వేర్వేరు యుగాల ఇటాలియన్ సినిమాలో ఆమె ముఖం ఉంది. ఏ యుగమూ ఆమెను పూర్తిగా తనదని చెప్పుకోలేదు.

ఆమె 1909 సెప్టెంబరు 7న ప్రాతోలో పుట్టింది. తోస్కానా ప్రాంతంలో నేత మిల్లులకు పేరుపడ్డ ఊరు అది. సినిమాల్లోకి వచ్చేసరికి ముప్ఫైకి దగ్గరలో ఉంది. మొదటి సినిమా 1938లో ఆల్దో వెర్గానో తీసిన 'పియేత్రో మిక్కా'. అదే ఏడాది అలెసాంద్రో బ్లసేత్తి తీసిన 'ఎత్తోరె ఫియెరమోస్కా'లోనూ కనిపించింది. ఆమె అడుగుపెట్టిన కాలం గురించి ఒక మాట చెప్పుకోవాలి, అది తెలియకపోతే మిగతాదేదీ అర్థం కాదు. రోములో చినెచిత్తా స్టూడియో 1937 ఏప్రిల్‌లో మొదలైంది. మరుసటి ఏడాది ముసోలినీ ప్రభుత్వం విదేశీ సినిమాల దిగుమతి, పంపిణీలను తన గుప్పిట్లోకి తీసుకుంది. హాలీవుడ్‌లోని పెద్ద కంపెనీలు అలిగి ఇటలీ మార్కెట్ వదిలేశాయి. హాళ్లు ఖాళీగా ఉండవు కదా. ఆ ఖాళీని నింపడానికి ఇటాలియన్ సినిమా ఒక్కసారిగా ఉబ్బింది. 1942కల్లా ఏడాదికి సుమారు 120 సినిమాలు తీసే స్థాయికి చేరింది. అన్ని సినిమాలకు అన్ని ముఖాలు కావాలి. ముప్ఫై ఏళ్ల కొత్త నటికి వెంటవెంటనే వేషాలు దొరకడానికి కారణం అదృష్టం ఒక్కటే కాదు, ఈ లెక్క కూడా.

ఆ సినిమాల్లో పెద్ద భాగానికి తర్వాతివాళ్లు 'తెల్ల టెలిఫోన్ సినిమాలు' అని పేరు పెట్టారు. మెరిసే గదులు, పట్టు గౌన్లు, మంచం పక్కన తెల్ల టెలిఫోను. మామూలు ఇళ్లలో ఫోనే అరుదైన రోజుల్లో తెల్ల ఫోనంటే ఐశ్వర్యానికి గుర్తు. ఇటలీలో అప్పటికి విడాకుల చట్టం లేదు, 1970 దాకా రాలేదు. అందుకని భార్యాభర్తలు విడిపోయే కథలు, దొంగచాటు ప్రేమలు తరచు బుడాపెస్టులో జరిగినట్టు చూపించేవారు. పాపమంతా పరాయి దేశంలో జరిగిపోయేది.

ఈ లోకంలో కలమాయ్‌కి దొరికిన చోటు రెండో ఆడదాని చోటు. నల్లటి జుట్టు, నిలువెత్తు మనిషి, ఎదుటివాణ్ణి నిలబెట్టేసే చూపు. పక్కింటి అమ్మాయి వేషానికి ఆ చూపు ఒదగదు. 1940లో ఫెర్దినాందో మరియా పొజ్జోలి తీసిన 'అద్దియో, జొవినెజ్జా'లో ఈ పంపకం స్పష్టంగా కనిపిస్తుంది. తూరిన్‌లో చదువుకునే కుర్రాడు, అతన్ని నమ్ముకున్న పేదింటి దర్జీపిల్ల, మధ్యలో అతన్ని ఎగరేసుకుపోయే సొగసుకత్తె. దర్జీపిల్ల మరియా దెనిస్, సొగసుకత్తె కలమాయ్. ప్రేక్షకుల కన్నీళ్లన్నీ దెనిస్‌కే. సినిమాను నిలబెట్టడంలో కలమాయ్ పనీ తక్కువేం కాదు. కుర్రాడు పడిపోయాడంటే మనం నమ్మాలి, నమ్మించింది ఆమె. మరుసటి ఏడాది 'లవ్వెంతురియేరా దెల్ పియానో ది సోప్రా'లో దె సీకాతో కలిసి హాస్యమూ చేసింది. అప్పటికి దె సీకా దర్శకుడిగా కంటే అందాల హీరోగా ఎక్కువ పేరున్నవాడు.

ఆ వేగంలో చేసిన సినిమాల్లో ఒకటి మనవాళ్లకు ప్రత్యేకంగా చెప్పాలి. 1941 నాటి 'ఇ పిరాతి దెల్లా మలేసియా', అంటే మలేసియా సముద్రపు దొంగలు. ఎమీలియో సల్గారి నవల దానికి మూలం. సల్గారి భారతదేశం మొహం కూడా చూడకుండానే సుందర్‌బన్ అడవులను, కాళీ భక్తులైన థగ్గులను, త్రేమల్ నాయక్ అనే బెంగాలీ వేటగాణ్ణి ఊహించి ఇటలీ పిల్లలను తరతరాలుగా ఊరించినవాడు. సినిమాలో ఆ త్రేమల్ నాయక్ మాస్సిమో జిరోత్తి, అతను ప్రేమించిన ఆడా పాత్ర కలమాయ్‌ది. అట్ట అడవి, అట్ట భారతం. రెండేళ్లయ్యాక ఇదే జంట 'ఒస్సెస్సియోనే'లో పో నది గట్టున చెమటలు కక్కుతూ ఒకరినొకరు కాల్చుకుతింటారని ఆ సినిమా చూస్తే ఎవరూ ఊహించలేరు.

ఇక అందరూ చెప్పుకునే సంగతి. ఇటలీలో ఈనాటికీ కలమాయ్ పేరెత్తితే ముందు వచ్చేది 1942లో బ్లసేత్తి తీసిన 'లా చేనా దెల్లె బెఫ్ఫె'. సెం బెనెల్లి 1909 నాటి నాటకం ఆధారంగా, మెదీచీల కాలపు ఫ్లోరెన్సులో పగ, పరాచికం కలిసి సాగే కథ. అమెదేయో నజ్జారి చేసిన పొగరుబోతు పాత్ర ఆమె రవికెను చింపేస్తాడు, రొమ్ము కనిపిస్తుంది. ఉండేది కొన్ని క్షణాలే. పదహారేళ్లలోపు పిల్లల్ని హాల్లోకి రానివ్వలేదు. పెద్దలు క్యూలు కట్టారు. ఇటాలియన్ తెర మీద మొదటి నగ్నవక్షం అని ఒక ముద్ర పడిపోయింది, అది యాభై ఏళ్లు ఆమెను వదల్లేదు.

ఆ 'మొదటి' అన్నమాటే నిజం కాదు. అదే బ్లసేత్తి అంతకుముందు ఏడాది తీసిన 'లా కొరోనా ది ఫెర్రో'లో విత్తోరియా కార్పి అనే నటి అలా కనిపించింది. 1942లోనే 'కర్మేలా' చేసిన దోరిస్ దురాంతి, అసలు ఘనత తనదేనని చాలాకాలం వాదించింది. ఇద్దరు నటుల పనిని ఈ కొలతతో కొలిచి, ఎవరు ముందు అని తగువు పెట్టిన తీరు చూస్తే నాకు బాధ కలుగుతుంది. 'లా చేనా'ను ఓపికగా చూడండి. గినేవ్రా పాత్రలో కలమాయ్ చేసిన మంచి పని ఆ షాటులో లేదు. ఇద్దరు మగవాళ్ల పంతానికి తాను పందెపు వస్తువునని తెలిసి, ఆ తెలివిని కనురెప్పల వెనక దాచుకునే చోట్ల ఉంది. ఆ చోట్ల గురించి రాసినవాళ్లు నాకు పెద్దగా తగల్లేదు.

అదే సినిమాలో నటించిన ఒస్వాల్దో వలెంతీని, లుయీసా ఫెరీదాను 1945 ఏప్రిల్ 30న మిలాన్‌లో పార్టిజన్లు కాల్చి చంపారు. ఆ జంట మీద పడిన నింద ఫాసిస్టు చిత్రహింసల ముఠాతో చేతులు కలిపారని. దురాంతి, ప్రచారశాఖ మంత్రి పవోలీనికి ప్రియురాలు, దేశం విడిచి పారిపోయింది. నాలుగేళ్ల కిందట ఒకే పత్రిక అట్టల మీద నవ్విన ముఖాల గతి ఇలా అయింది. కలమాయ్ మీద అలాంటి నింద ఏదీ లేదు. అయినా యుద్ధం తర్వాత ఆ యుగాన్నంతటినీ జనం మరిచిపోవాలనుకున్నారు. ఆ యుగపు అందమైన ముఖాలను కూడా.

ఇప్పుడు 'ఒస్సెస్సియోనే' దగ్గరికి వద్దాం. ఈ వ్యాసం రాయడానికి కారణమే అది.

మిలాన్ ప్రభువంశంలో పుట్టిన విస్కోంతి, ఫ్రాన్సులో జాఁ రెన్వార్ దగ్గర పని నేర్చుకున్నాడు. జేమ్స్ కెయిన్ రాసిన అమెరికన్ నవల 'ద పోస్ట్‌మ్యాన్ ఆల్వేస్ రింగ్స్ ట్వైస్' ఫ్రెంచి అనువాదాన్ని అతని చేతిలో పెట్టింది రెన్వారే. జూసెప్పె దె సాంతిస్, మారియో అలికాతా, జాన్ని పుచ్చీని వంటి కుర్రాళ్లు స్క్రిప్టులో కూర్చున్నారు. వీళ్లు రాస్తున్న 'చీనెమా' పత్రికకు సంపాదకుడు ముసోలినీ కొడుకు విత్తోరియో. పత్రిక నీడలో కూర్చుని ఈ బృందం ఇటాలియన్ సినిమా వీధిలోకి, పొలంలోకి, పేదవాడి ఇంట్లోకి రావాలని రాసేది. షూటింగ్ సాగుతున్న రోజుల్లోనే కమ్యూనిస్టు కార్యకలాపాల పేరిట అలికాతాను అరెస్టు చేశారు. ఇలాంటి గాలిలో తయారైంది ఈ సినిమా.

జొవాన్నా పాత్రకు విస్కోంతి మొదట అనుకున్నది ఆన్నా మాన్యానీని. ఆమె అప్పటికి గర్భిణి. 1942 అక్టోబరులో కొడుకు పుట్టాడు. చేసేది లేక కలమాయ్‌ని పిలిచారు. దీన్ని పట్టుకుని, ఆ పాత్ర ఆమెకు దక్కడం ఒక యాదృచ్ఛికం, ఆమెను మలిచిన ఘనతంతా విస్కోంతిది అని చాలామంది రాశారు. సగం నిజమే. మాన్యానీ చేసి ఉంటే ఆ పాత్ర తిరగబడేది, అరిచేది, వీధిని తలకెత్తుకునేది. ఆమె పుట్టుకతోనే ఆ మట్టి మనిషి అనిపిస్తుంది. కలమాయ్‌లో మనకు కనిపించేది వేరు. ఈ మనిషి ఒకప్పుడు ఇంకేదో జీవితం ఊహించుకుంది. ఆ ఊహ తాలూకు మెరుపు ఒంటి మీద ఇంకా కాస్త మిగిలుంది, జిడ్డు పట్టి మాసిపోతోంది. తెల్ల టెలిఫోన్ ముందు కూర్చున్న నటిని తెచ్చి గ్యాసునూనె వాసన కొట్టే రోడ్డుపక్క పూటకూళ్ల ఇంట్లో నిలబెట్టినందువల్ల వచ్చిన బలం అది. మాన్యానీ దగ్గర అది దొరికేది కాదు. గతం ఉన్న ముఖం కావాలి దానికి.

కథ తెలిసిందే. పో మైదానంలో రోడ్డు పక్కన పెట్రోలు పంపు, వెనక భోజనశాల. యజమాని బ్రగానా మంచివాడే, లావాటి మనిషి, పాటల పిచ్చి. తిండికి గతిలేక అతన్ని చేసుకున్న పడుచు పెళ్లాం జొవాన్నా. లారీ దిగిన దేశదిమ్మరి జీనో. ఇద్దరూ కలిసి బ్రగానాను చంపుతారు. అది యాక్సిడెంటనే నమ్మిస్తారు. ఆ తర్వాత సుఖపడలేరు. జీనో వంటింటి గుమ్మంలోకి రావడం చూడండి. ముందు మనకు వినిపించేది ఆమె కూనిరాగం. బల్ల మీద కూర్చుని ఊపుతున్న కాళ్లు. అతని ముఖాన్ని దర్శకుడు అప్పటిదాకా మనకు చూపించడు. ఆమె తలెత్తి చూసినప్పుడే మనమూ మొదటిసారి చూస్తాం. ఆడదాని కళ్లతో మగవాడి అందాన్ని చూపించిన షాటు అది. అంతవరకు ఎందరో హీరోల చూపులకు గురి అయిన నటి చేత ఇక్కడ చూపించే పని చేయించారు. ఆ చూపులో సిగ్గు లేదు, వగలు లేవు. ఆకలి ఉంది.

ఇదే నవలను హాలీవుడ్ 1946లో తీసింది. లానా టర్నర్ తెల్లటి బట్టల్లో మల్లెపువ్వులా నడిచొస్తుంది. వంట చేస్తున్నా మరక అంటదు. ఆమె తప్పు చేసేలా ఉందని మనం మొదటి షాటులోనే అనుకుంటాం. కలమాయ్ జొవాన్నా నల్ల బట్టల్లో, చెదిరిన జుట్టుతో, కళ్ల కింద నీడలతో ఉంటుంది. ఈమె తప్పు చేస్తుందా లేదా అన్నది మనసుకు తట్టదు. ఎంత అలిసిపోయిందో పాపం అనిపిస్తుంది. హత్య వెనక కామం ఉందని రెండు సినిమాలూ చెబుతాయి. కామం వెనక చాకిరీ ఉందని చెప్పింది ఇటాలియన్ సినిమా ఒక్కటే. చెప్పింది ఈమె ఒంటితో.

'ఒస్సెస్సియోనే' రోములో 1943 మేలో విడుదలైంది. విత్తోరియో ముసోలినీ ఇది ఇటలీ కాదని మండిపడి లేచిపోయాడని అంటారు. చాలా ఊళ్లలో స్థానిక అధికారులు, మతపెద్దలు అడ్డుపడ్డారు. రెండు నెలలు తిరిగేసరికి ముసోలినీ పడిపోయాడు, ఆపై దేశం రెండు ముక్కలైంది. ఉత్తరాన జర్మన్ల నీడలో నిలిచిన ఫాసిస్టు ప్రభుత్వం చేతుల్లో అసలు నెగటివు నాశనమైంది. విస్కోంతి దాచిపెట్టుకున్న డూప్ నెగటివు ఒకటి ఉండబట్టి ఈ సినిమా మనకు మిగిలింది. అది చాలలేదు. నవల హక్కులు కొనకుండా తీసిన సినిమా ఇది, హక్కులు హాలీవుడ్ కంపెనీ దగ్గర ఉన్నాయి. అందుకని అమెరికాలో 1970ల రెండో సగం దాకా దీన్ని బహిరంగంగా వేయలేకపోయారు.

నా మట్టుకు కలమాయ్ అనామకతకు అన్నిటికంటే పెద్ద కారణం ఇదే. ప్రపంచం నియోరియలిజాన్ని, అంటే వీధిలోని మామూలు బతుకును తెరకెక్కించిన ఉద్యమాన్ని, కనుక్కున్నది 1945 తర్వాత, 'రోమా చిత్తా అపెర్తా'తో, 'సైకిల్ దొంగలు'తో. మన దేశంలో 1952లో జరిగిన మొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవం బొంబాయిలో మొదలై మద్రాసుకూ వచ్చింది. తెలుగు సినిమా అప్పుడు ఉన్నది మద్రాసులోనే. ఆ ఉత్సవంతో మనవాళ్ల నోళ్లలో నానిన ఇటాలియన్ పేర్లు రోస్సెల్లిని, దె సీకా. ఎక్కడైనా ఉద్యమం ఆ సినిమాలతో మొదలైనట్టే చెప్పుకున్నారు. 'ఒస్సెస్సియోనే' పుస్తకాల్లో పీఠికగా మిగిలింది. చూడని సినిమాలోని నటిని ఎవరు తలుచుకుంటారు?

ఇక్కడ ఒక విచిత్రమైన ముడి ఉంది. 'రోమా చిత్తా అపెర్తా'లో పీనా పాత్రకు రోస్సెల్లిని ముందు కలమాయ్‌ని అనుకున్నాడని, వేరే ఒప్పందాల వల్ల ఆమెకు కుదరలేదని ఒక కథనం ఉంది. ఆ పాత్ర చేసి ప్రపంచానికి తెలిసింది మాన్యానీ. ఈ కథనం అక్షరాలా నిజమైతే ఇద్దరూ ఒకరి పాత్ర ఒకరు చేసి, ఒకరి జీవితం ఒకరికి ఇచ్చుకున్నట్టే. కథనం సంగతి ఎలా ఉన్నా బహుమతుల సంగతి మాత్రం రికార్డులో ఉంది. ఇటాలియన్ సినిమా పాత్రికేయులు 1946లో 'నాస్త్రో దర్జెంతో' అవార్డులు మొదలుపెట్టారు. ఆ మొట్టమొదటి ఏడాది ఉత్తమ నటి క్లారా కలమాయ్, దూలియో కొలెత్తి తీసిన 'లదూల్తెరా' సినిమాకు. ఆన్నా మాన్యానీకి వచ్చింది ఉత్తమ సహాయనటి బహుమతి, పీనా పాత్రకు. ఆనాటి ఇటలీకి పెద్ద నటి ఎవరో ఈ జాబితా చెబుతుంది. పదేళ్లు తిరిగేసరికి ఈ వరుస ఎవరికీ నమ్మబుద్ధి కానంత తారుమారైంది.

విస్కోంతి లేకపోతే ఆమె లేదన్నవాళ్లకు జవాబుగా 1945లో మారియో కమెరీని తీసిన 'దూయె లెత్తెరె అనోనిమె'ను చూపిస్తాను. జర్మన్లు ఆక్రమించుకున్న రోములో ఒక అచ్చాఫీసు. అక్కడ పనిచేసే జీనా, యుద్ధానికి వెళ్లిన మనిషి కోసం చూసి చూసి, శత్రువుతో కుమ్మక్కైన వాడి చేతుల్లో పడుతుంది. చివరికి వాణ్ణి చంపుతుంది. రోస్సెల్లిని సినిమా పక్కన ఇది వెలవెలబోయింది, నిజమే, కమెరీని చేయి ఇంకా పాత స్టూడియో పద్ధతిలోనే ఉంది. కలమాయ్ చేసిన పని మాత్రం పాతది కాదు. లొంగిపోయిన మనిషి తనను తాను క్షమించుకోలేక ఎలా గట్టిపడుతుందో చూపించింది. ఆక్రమణ కాలంలో వీరులూ ద్రోహులూ కాకుండా మధ్యలో ఉండిపోయిన లక్షలమందికి దగ్గరగా ఉన్న పాత్ర ఇది. అలాంటి పాత్రను గెలిచిన దేశాలూ ఓడిన దేశాలూ గుర్తుపెట్టుకోవు.

ఆ తర్వాతి సినిమాలను త్వరగా దాటేయవచ్చు. తొల్‌స్తోయ్ 'క్రాయిట్జర్ సొనాటా' ఆధారంగా జాన్ని ఫ్రాంచొలీని 1948లో తీసిన 'అమాంతి సెంజా అమోరె' ఒక్కటి నిలబడుతుంది. మిగతావి చాలావరకు చరిత్ర దుస్తుల్లో మెలోడ్రామాలు. 1945లో ఆమె కౌంట్ లియొనార్దో బోంజీని పెళ్లాడింది. విమానాలు నడిపేవాడు, సాహసయాత్రికుడు, డాక్యుమెంటరీలు తీసినవాడు. 1949లో యుద్ధంలో అవయవాలు పోయిన పిల్లలకు విరాళాల కోసం చిన్న విమానంలో మిత్రుడితో కలిసి మిలాన్ నుంచి బ్యూనస్ ఎయిర్స్ దాకా ఎగిరి పేరు తెచ్చుకున్నాడు. ఇద్దరు కూతుళ్లు పుట్టారు. కుటుంబం కోసమే సినిమాలు తగ్గించిందని సులువుగా రాసేస్తారు. ఆ మాటలో కొంత ఉంది, అంతా లేదు.

1947లో స్ట్రేజాలో జరిగిన మిస్ ఇటాలియా పోటీ చూడండి. గెలిచింది లుచీయా బొజే, రెండో స్థానం జాన్నా మరియా కనాలె, మూడోది జీనా లొలోబ్రిజిదా. నిర్మాతలు కొత్త తారల కోసం అటే పరిగెత్తారు. 1949లో 'రీజో అమారో' వచ్చింది. వరిపొలాల్లో మోకాళ్ల లోతు నీళ్లలో నిలబడ్డ సిల్వానా మంగానో బొమ్మ దేశమంతా అంటుకుంది. ఆ సినిమా దర్శకుడు దె సాంతిస్, 'ఒస్సెస్సియోనే' రచయితల్లో ఒకడు. అదే పో మైదానం, అదే చెమట, అదే ఆడదాని కోరిక. మంగానోకు పంతొమ్మిదేళ్లు, కలమాయ్‌కి నలభై. మరోవైపు నియోరియలిజం వీధిలో కనిపించిన మనుషులనే తెరకెక్కిస్తోంది. 'సైకిల్ దొంగలు'లో భార్యగా చేసిన లియనెల్లా కరెల్ జర్నలిస్టు. పడుచుతనం కావాలన్నవాళ్లకు ఈమె పెద్దదైంది, నటులు కానివాళ్లు కావాలన్నవాళ్లకు ఈమె మరీ నటి అయింది. తలుపులు రెండు వైపులా మూసుకున్నాయి.

ఆమెను మరిచిపోనివాడు విస్కోంతి. 1957లో దొస్తొయెవ్‌స్కీ కథతో 'లె నోత్తి బియాంకె' తీస్తూ, రాత్రి వీధిలో విటుల కోసం నిలబడే ఆడమనిషి వేషానికి ఆమెను పిలిచాడు. మాస్త్రోయాన్ని, మరియా షెల్‌ల ప్రేమకథ ఒక పక్క నడుస్తుంటే, స్టూడియోలో కట్టిన ఆ మంచు వీధి అంచున కలమాయ్ తచ్చాడుతుంది. పాత్రకు పేరు లేదు. ప్రేమ దొరకని రాత్రి మనిషి ఎక్కడ తేలుతుందో చూపడానికి ఆమె ఉంది. పదిహేనేళ్ల కిందటి జొవాన్నా చచ్చిపోకుండా బతికి ఉంటే ఈ వీధికే చేరేదేమో అన్న ఆలోచన ఆమెను చూసిన ప్రతిసారీ నన్ను పట్టుకుంటుంది. 1967లో 'లె స్ట్రేగె' అనే ఐదు కథల సినిమాలో విస్కోంతి భాగంలోనూ కాసేపు కనిపించింది. వేషం: మాజీ నటి. ఆ భాగంలో మంగానో చేసిన తార సొమ్మసిల్లి పడితే చుట్టూ చేరిన ఆడవాళ్లు ఆమె ముఖం మీది మేకప్ ఒలిచేస్తారు. తెర మీద మేకప్ ఒలవడం అనే పనిని విస్కోంతి పాతికేళ్ల కిందట ఎవరితో మొదలుపెట్టాడో ఆ గదిలో ఆమె కూడా ఉంది.

మూడో జన్మ 1975లో. దారియో అర్జెంతో తీసిన 'ప్రోఫోందో రోస్సో'. హంతకుడెవరో తెలియకుండా చూడాలనుకునేవాళ్లు ఇక్కడితో ఆగి సినిమా చూసి రావాలి, ఎందుకంటే అది చెప్పకుండా కలమాయ్ గురించి చెప్పలేను.

ఒక హత్యకు పియానో వాయించే మార్కస్ సాక్షి. సహాయానికి పరిగెత్తుకెళ్తూ, గోడల నిండా ముఖాల చిత్రపటాలున్న నడవా దాటుతాడు. అక్కడ ఉన్న పటం ఒకటి తర్వాత మాయమైందని సినిమా పొడుగునా బుర్ర చించుకుంటాడు. చివరికి తెలుస్తుంది. అతను చూసింది పటం కాదు, అద్దం. అందులో హంతకి ముఖం ప్రతిబింబించింది. మొదటిసారి చూపినప్పుడు ఆ ముఖం ప్రేక్షకులకు కూడా నిజంగానే కనబడుతుంది. దర్శకుడు దాచలేదు, మోసం చేయలేదు. మనమే చూసి గుర్తుపట్టలేదు. అద్దంలోని ఆ ముఖం అరవై అయిదేళ్ల క్లారా కలమాయ్‌ది. ఇటలీలో ఒకప్పుడు అందరికంటే ఎక్కువగా చూసిన ముఖాల్లో ఒకటి, తెర మీద నేరుగా ఎదురుగా నిలబడితే హాలంతా దాన్ని గోడకు వేలాడే బొమ్మ అనుకుంది.

అర్జెంతో అభిమానులు ఈ సినిమాను పూజిస్తారు. ఆమెను 'హంతకి' అనే మాట దగ్గర వదిలేస్తారు. నాకు అది అన్యాయంగా తోస్తుంది. మార్తా అన్న ఆ పాత్రలో భయపెట్టేది కత్తి కాదు. మార్కస్ తన స్నేహితుడూ ఆమె కొడుకూ అయిన కార్లో కోసం వెతుక్కుంటూ వస్తాడు, తలుపు తీసేది ఆమె. నువ్వు ఇంజనీరువా అంటుంది. కాదండీ, పియానో వాయిస్తానంటాడు. మళ్లీ ఇంజనీరనే అంటుంది. ముసలితనపు మతిమరుపు అని మనం జాలిపడి వదిలేస్తాం. ఆ జాలిని రాబట్టడంలో ఉంది ఆమె పనితనం. అరవై అయిదేళ్ల వయసులో, భయానక చిత్రంలో, ఒక్క మోతాదు ఎక్కువైనా గుట్టు రట్టయ్యే చోట ఆమె అంత తేలిగ్గా నడిచింది. ఇదే ఆమె చివరి సినిమా. 1998 సెప్టెంబరులో, ఎనభై తొమ్మిదేళ్ల వయసులో రిమినిలో పోయింది.

ఆ ఇంట్లో మార్తా అతన్ని లోపలికి పిలిచి, తాను ఒకప్పుడు నటినని చెబుతుంది. గోడల నిండా తన పాత ఫొటోలు. పట్టు గౌన్లు, స్టూడియో దీపాలు, ఎదుటివాణ్ణి నిలబెట్టేసే ఆ చూపు. ఒక్కొక్కటీ చూపిస్తుంది. అతను వచ్చింది కార్లో కోసం. ఆ ఫొటోలు ఏ సెట్ డిజైనరూ తయారుచేయించినవి కావు. అవి క్లారా కలమాయ్ సొంత ఫొటోలు.